రాత్రి నాటకానికి 400 ఫిల్ముని 1600గా వాడి ఇంట్లో కడిగాను, నెగెటివ్ చూసి తప్పెక్కడో చెప్పండి

#1 తెనాలి_రీలు (విజయవాడ)

అందరికీ నమస్కారం. మా పెదనాన్నగారు ముప్పై ఏళ్లకు పైగా పద్య నాటకాల్లో దుర్యోధనుడి వేషం వేస్తున్నారు. ఈ మధ్య గొంతు సహకరించడం లేదు. వచ్చే ఏడాది వేషం కడతానో లేదోనని ఆయనే అన్నారు. అందుకే మా ఊరి తిరునాళ్లలో ఆయన నాటకాన్ని ఫిల్ము మీద తీయాలని పట్టుబట్టి వెళ్లాను.

కెమెరా పెంటాక్స్ కే1000, 50 ఎం.ఎం. ఎఫ్/2 లెన్సు. అందులో వెలుతురు కొలిచే మీటరు పనిచేయడం లేదు కాబట్టి ఫోన్‌లో మీటరు యాప్ వాడాను. ఫిల్ము ఇల్ఫోర్డ్ హెచ్‌పీ5 ప్లస్. దాని వేగం, అంటే వెలుతురుని పట్టే శక్తి, 400. స్టేజీ మీద వెలుతురు తక్కువ కాబట్టి నేను 1600గా అనుకుని తీశాను. దాదాపు అన్ని ఫ్రేములూ షట్టరు 1/125 సెకను, లెన్సు ఎఫ్/2.8. స్టేజీకి రెండు పక్కలా కర్రలకు ట్యూబులైట్లు కట్టారు, అవి ఫ్రేములో పడ్డాయి.

ఇంట్లోనే కడిగాను. ఐడీ-11 డెవలపరు (ఫిల్ము మీద బొమ్మ తేల్చే రసాయనం), నీళ్లు కలపకుండా, 20 డిగ్రీల దగ్గర 14 నిమిషాలు. ఇల్ఫోర్డ్ పట్టికలో 1600కి ఉన్న టైము అదే. డెవలపరుని ఫ్రిజ్‌లో పెట్టి సరిగ్గా 20కి తెచ్చి పోశాను.

వచ్చిందేమిటంటే (నెగెటివ్‌లో వెలుతురు పడ్డ చోటే నల్లగా ఉంటుంది): అంచు మీద ఫ్రేము నంబర్లు, ఫిల్ము పేరు కారు నలుపు. కిరీటం, జరీ అంచు, చమ్కీలు కూడా అంతే నలుపు, లైటుకి పట్టినా వాటిలో గీత కనిపించడం లేదు. పెదనాన్న ముఖంలో దీపం వైపు సగం వచ్చింది, రెండో సగం లేదు. హార్మోనియం మాస్టారు కూర్చున్న చోటంతా ఖాళీ. ఫ్రేముల మధ్య ఖాళీ జాగా కూడా తేటగా లేదు, బూడిద రంగుగా ఉంది. ఇంకో వింత, ఒకే చోట నిలబడి వరుసగా నొక్కిన 4 ఫ్రేముల్లో ఒకటి చిక్కగా, ఒకటి పల్చగా ఉన్నాయి. సెట్టింగ్ నేను మార్చలేదు.

పది రోజుల్లో పక్క ఊళ్లో పౌర్ణమికి ఇంకో ఆట ఉంది. నా దగ్గర ఒకే రీలు ఉంది. ఈసారి పోగొట్టుకోకూడదు.

#2 కోఠి_కెమెరా (హైదరాబాద్)

వెలుతురు చాల్లేదు అన్నా. అండర్ ఎక్స్‌పోజర్. రొడినాల్ డెవలపరు ఒక వంతుకి 100 వంతుల నీళ్లు కలిపి, గంటసేపు కదపకుండా వదిలెయ్. హైలైట్లు (వెలుతురు బాగా పడ్డ చోట్లు) వాటంతట అవే ఆగిపోతాయి, షాడోలు (నీడలు) పైకొస్తాయి. లేదంటే డెల్టా 3200 ఫిల్ము తీసుకో, నాటకాలకి అదే కరెక్ట్.

#3 గోదావరి_స్టూడియో (రాజమండ్రి)

బాబూ, ఫిల్ము మార్చే ముందు, డెవలపరు మార్చే ముందు నీ నెగెటివ్ ఏం చెబుతోందో చూద్దాం. నలభై ఏళ్లు స్టూడియో నడిపినవాణ్ణి. పెళ్లికొచ్చిన ప్రతి రీలునీ ముందు అంచు చూసే చదివేవాణ్ణి.

అంచు మీది నంబర్లను నువ్వు తీయలేదు. ఫ్యాక్టరీలోనే వెలుతురు చూపించి ముద్రించారు. నీ కెమెరాకీ, నీ మీటరుకీ వాటితో సంబంధం లేదు. అవి కడగడం గురించి మాత్రమే చెబుతాయి. నంబర్లు పల్చగా ఉంటే తక్కువ కడిగావని. నంబర్లు బాగుండి బొమ్మ పల్చగా ఉంటే కెమెరాలో వెలుతురు చాల్లేదని. నీవి కారు నలుపు అంటున్నావు. నంబరు చుట్టూ నలుపు పాకినట్టుంటే ఎక్కువ కడిగావు. 1600కి కడిగితే నంబర్లు మామూలుకన్నా నల్లగానే ఉంటాయి, అది సహజం. కానీ జరీలో గీత కూడా మిగలలేదంటే అంతకు మించి కడిగావన్నమాట. హార్మోనియం దగ్గర ఏమీ లేదంటే అక్కడికి వెలుతురే అందలేదు. నీకు రెండు తప్పులూ ఒకేసారి జరిగాయి. అందుకే ఒక మందు చెబితే సరిపోదు.

చిక్కగా ఒకటి, పల్చగా ఒకటి రావడానికి కారణం ట్యూబులైటు. మన కరెంటు 50 సైకిళ్లు, కాబట్టి ట్యూబు సెకనుకి 100 సార్లు వెలిగి తగ్గుతుంది. ఒక్క మెరుపు సెకనులో వందో వంతు. నువ్వు 1/125 పెట్టావు, అంటే ఒక పూర్తి మెరుపు కూడా నీకు దొరకలేదు. ఒక ఫ్రేము మెరుపు మధ్యలో పడింది, ఇంకోటి తగ్గే చోట పడింది. 1/60 పెడితే ఒకటిన్నర మెరుపులు పడతాయి, తేడా చాలావరకు పోతుంది. 1/30కి ఇంకా మేలు.

నాకు మూడు సంగతులు కావాలి. 14 నిమిషాలయ్యాక డెవలపరు వేడి ఎంతుంది? ఫిల్ము తీయక ముందు ఎక్కడ దాచావు? యాప్‌ని ఎటు చూపించి కొలిచావు?

#4 తెనాలి_రీలు

మాస్టారూ, అంచు సంగతి నాకెవరూ చెప్పలేదు. ఇప్పుడు భూతద్దం పెట్టి చూశాను, నంబర్ల చుట్టూ నలుపు పాకింది నిజమే.

1. చివర్లో వేడి కొలవలేదు. వంటింట్లో కడిగాను. బయటి వెలుతురు రాకూడదని కిటికీలు మూసేశాను, దుమ్ము లేస్తుందని ఫ్యాన్ ఆపేశాను. గదిలో 36 డిగ్రీలు ఉండి ఉంటుంది.
2. ఉగాదికి కొన్న రీలు. స్కూటర్ డిక్కీలోనే ఉండిపోయింది, దాదాపు నెల.
3. జనం మధ్యలో నిలబడి, మొత్తం స్టేజీని చూపించి కొలిచాను.

#5 గోదావరి_స్టూడియో

మూడిటికీ సమాధానం దొరికింది.

వేడి సంగతి: ట్యాంకులో పోసింది మూడు వందల మిల్లీలీటర్లు. 36 డిగ్రీల గదిలో, నీ చేతుల వేడితో, 14 నిమిషాల్లో అది 25 దాటుతుంది. పట్టికలోని 14 నిమిషాలు మొదటి నుంచి చివరి దాకా 20 దగ్గర ఉంటేనే. నువ్వు 20లో మొదలుపెట్టి వేసవిలో ముగించావు.

డిక్కీ సంగతి: వేగం ఎక్కువున్న ఫిల్ముకి వేడి తొందరగా సోకుతుంది. వెలుతురు తగలకపోయినా ఆ రేణువులు కొన్ని వేడికే మేలుకుంటాయి. ఫ్రేముల మధ్య బూడిద రంగు కొంత అదే. కొంత మాత్రం తప్పు కాదు, హెచ్‌పీ5 35 ఎం.ఎం. పట్టీకి పుట్టుకతోనే లేత బూడిద రంగు ఉంటుంది. బాగా కడిగిన పాత రీలు పక్కన పెట్టి పోల్చుకో. ఇప్పుడున్న రీలుని ఈ రోజే ఫ్రిజ్‌లో పెట్టు. వాడే రోజు డబ్బాతో సహా బయటపెట్టి రెండు మూడు గంటలు ఆగాకే మూత తియ్యి. చల్లటి ఫిల్ముని మన గాలిలో తెరిస్తే దాని మీద చెమ్మ పడుతుంది.

మీటరు సంగతి: ట్యూబులైట్లు ఫ్రేములో ఉంటే యాప్ వాటినే చూసి, వెలుతురు బోలెడుందని చెప్పింది. నాటకం మొదలు కాకముందు, లైట్లు వేశాక, అడిగి స్టేజీ ఎక్కు. నటుడు నిలబడే చోట నీ అరచేతిని దీపం వైపు తిప్పి, దగ్గరగా అరచేతినే కొలువు. అరచెయ్యి సగటు బూడిద రంగు కన్నా ఒక స్టాప్ (వెలుతురు రెట్టింపయ్యే ఒక మెట్టు) తెల్లగా ఉంటుంది, కాబట్టి వచ్చిన దానికి ఒక స్టాప్ ఎక్కువ తెరువు. ఆ లెక్క రాత్రంతా మార్చకు. స్టేజీ లైటు మారదు, మారేది నీ మీటరే.

నా అంచనా చెప్పనా? అలాంటి పల్లె స్టేజీకి 1600 దగ్గర 1/60, ఎఫ్/2 వస్తుంది. నువ్వు వాడిన దానికన్నా రెండు స్టాపులు ఎక్కువ.

#6 కెమిస్ట్రీ_లక్ష్మి (వరంగల్)

మాస్టారు చెప్పిన దానికి రసాయనం వైపు నుంచి కొంచెం చేరుస్తాను. కాలేజీలో పాఠం చెబుతాను, ఇంట్లో పదేళ్లుగా ఫిల్ము కడుగుతున్నాను.

ఇలా 400 ఫిల్ముని 1600గా తీసి ఎక్కువసేపు కడగడాన్ని పుష్ అంటారు. "పుష్ చేస్తే ఫిల్ము వేగం పెరుగుతుంది" అని అందరూ అంటారు. అసలు విషయం వేరు. ఫిల్ములో ఒక్కో వెండి బ్రోమైడు రేణువు మీద వెలుతురు పడినప్పుడు కొన్ని వెండి పరమాణువులు ఒక చోట గుమిగూడాలి. అవి మూడో నాలుగో చేరితేనే డెవలపరు ఆ రేణువుని పట్టుకుని నల్లగా మార్చగలదు. హార్మోనియం దగ్గరి రేణువులకి అంత వెలుతురు అందనే లేదు. వాటిని 14 నిమిషాలు కాదు, 40 నిమిషాలు నానబెట్టినా బొమ్మ రాదు, ఫాగ్ (బొమ్మ లేని మసక నలుపు) వస్తుంది. ఎక్కువ కడిగితే పెరిగేది వెలుతురు ఇప్పటికే బాగా పడ్డ చోట్లు. ముఖం, జరీ, కిరీటం. అంటే పుష్ అన్నది కాంట్రాస్టు (నలుపు తెలుపుల మధ్య తేడా) పెంచి మధ్య రంగుల్ని పైకి లాగడం, నీడల్లో కొత్తగా ఏదో పుట్టించడం కాదు. అందుకే 1600లో తీసేటప్పుడు ఏ నీడ పోయినా పరవాలేదో ముందే మనసులో అనుకోవాలి. మీకు పెదనాన్నగారి ముఖం కావాలి. దాన్ని నిలబెట్టుకోండి, వెనక తెర నల్లబడితే పోనివ్వండి.

ఇక వేడి. విజయవాడలో మే నెలలో 20 డిగ్రీల కోసం పోరాడకండి. 24 పెట్టుకోండి. ఇల్ఫోర్డ్ వేడి పట్టిక ప్రకారం 20 నుంచి 24కి వెళ్తే టైము సుమారు 30 శాతం తగ్గుతుంది. మీ 14 నిమిషాలు 9 నిమిషాల 45 సెకన్లు అవుతుంది. 27, 28 దాకా పోవద్దు. మామూలు 400కి కడిగేటప్పుడు ఆ వేడిలో టైము 5 నిమిషాల కిందికి పడిపోతుంది, అప్పుడు మరకలు మరకలుగా కడుగుతుంది. పైగా ఫిల్ము మీది జెలటిన్ పొర మెత్తబడి గోటికే గీసుకుపోతుంది.

పద్ధతి: పెద్ద టబ్బులో నీళ్లు పోసి 24కి తెచ్చుకోండి. ఐస్ ముక్కల్ని పాలిథీన్ కవర్లో కట్టి వేయండి, అప్పుడు కవర్ తీసేస్తే చల్లబడటం ఆగుతుంది. డెవలపరు, స్టాప్ బాత్ (డెవలపరు పనిని ఆపేది), ఫిక్సరు (బొమ్మని నిలిపేది) సీసాలు, ట్యాంకు అన్నీ అందులోనే. కదిపినప్పుడు తప్ప ట్యాంకు టబ్బులోనే ఉండాలి. ఇంకో మాట, మీ ట్యాంకులో రెండు స్పైరళ్లు (ఫిల్ము చుట్టే చట్రాలు) పడితే, ఖాళీ స్పైరల్‌ని పైన పెట్టి 600 మిల్లీలీటర్లు పోయండి. నీళ్లు ఎక్కువుంటే నెమ్మదిగా వేడెక్కుతాయి.

స్టాప్ బాత్‌కి కిరాణా కొట్లో దొరికే నిమ్మ ఉప్పు లీటరుకి 15 గ్రాములు చాలు.

#7 కోఠి_కెమెరా

మేడమ్, రొడినాల్ పద్ధతితో నేను బోలెడు రీళ్లు కడిగాను, బాగానే వచ్చాయి. కొత్తవాళ్లకి టైము టెన్షన్ ఉండదని చెప్పాను.

#8 కెమిస్ట్రీ_లక్ష్మి

బాగానే వస్తాయి తమ్ముడూ, కాదనను. మీవి పగటి వెలుతురులో 400గా తీసినవి అయ్యుంటాయి. రొడినాల్ నీడల్లో వేగం కాస్త తగ్గించే డెవలపరు, గ్రెయిన్ (రేణువుల గరుకు) గట్టిగా చూపిస్తుంది. ముందే వెలుతురు తక్కువైన ఫిల్ముకి అది ఇస్తే ఉన్నదీ పోతుంది. ఇంకోటి, గంటసేపు కదపకుండా ఉంచాలంటే ట్యాంకు 36 డిగ్రీల గదిలో గంటసేపు వేడెక్కుతుంది. ఫాగ్ ఎక్కిన రీలుకి అది బొత్తిగా పనికిరాదు. నీడలు కొంచెం మెరుగ్గా కావాలంటే ఇల్ఫోర్డ్ మైక్రోఫెన్ మంచిది. అందులో ఫెనిడోన్ ఉంటుంది. హెచ్‌పీ5 1600కి 20 డిగ్రీల దగ్గర 11 నిమిషాలు.

#9 గోదావరి_స్టూడియో

మైక్రోఫెన్ మంచిదే. కానీ పది రోజుల్లో ఆట పెట్టుకుని కొత్త డెవలపరు మొదలుపెట్టొద్దు. నీ ఐడీ-11 నీకు తెలిసిన మనిషి. దాంతోనే కడుగు.

#10 కొత్త_ఫిల్ము (విశాఖపట్నం)

చర్చ మధ్యలో వస్తున్నందుకు ఏమీ అనుకోకండి. నాకు రెండు సందేహాలు. స్టూడియోల్లో ఎర్ర బల్బు వెలుగుతుంటే పని చేసేవారు కదా, ఫిల్ముని ఎర్ర బల్బు కింద స్పైరల్‌కి ఎక్కించవచ్చా? పూర్తి చీకట్లో నా వల్ల కావడం లేదు, సగంలో ఇరుక్కుంటోంది. రెండోది, కాఫీ పొడితో కడుగుతారని చదివాను, నిజమేనా?

#11 గోదావరి_స్టూడియో

అమ్మా, ఎర్ర బల్బు కాగితానికి. ప్రింట్లు వేసే కాగితానికి ఎరుపు కనిపించదు, కాబట్టి ఆ వెలుగులో పని చేసేవాళ్లం. హెచ్‌పీ5, ట్రై-ఎక్స్ లాంటి ఫిల్ములకి ఎరుపుతో సహా అన్ని రంగులూ కనిపిస్తాయి. నిమిషం ఎర్ర బల్బు చూపిస్తే రీలంతా నల్లబడిపోతుంది. చిమ్మచీకటే దారి.

ఇరుక్కోవడానికి కారణం చెమ్మ. విశాఖ గాలి, పైన చేతి చెమట. ప్లాస్టిక్ స్పైరల్ ఒక్క చుక్క తడి ఉన్నా ఫిల్ముని పట్టేసుకుంటుంది. స్పైరల్‌ని కడిగాక ఒక రోజంతా ఆరబెట్టు. ఫిల్ము మొదలు రెండు మూలలూ కత్తెరతో కొంచెం గుండ్రంగా కత్తిరించు. పాత రీలు ఒకటి పాడుచేసుకో. ముందు కళ్లు తెరిచి, తర్వాత కళ్లు మూసుకుని, తర్వాత వెలుతురు చొరని సంచిలో చేతులు పెట్టి, ఇరవై సార్లు ఎక్కించు. మా స్టూడియోలో పనికి చేరిన ప్రతి కుర్రాడూ ముందు వారం రోజులు ఇదే చేసేవాడు.

#12 కోఠి_కెమెరా

ఏసీ గదిలో పది నిమిషాలు కూర్చుని చెమట ఆరాక సంచిలో చేతులు పెట్టండి. పౌడరు మాత్రం రాసుకోకండి, ఫిల్ము మీద చుక్కలు పడతాయి. సంచిలో ఇరుక్కుంటే బలవంతంగా నెట్టొద్దు. ఫిల్ముని ట్యాంకులో వేసి మూత బిగించి, చేతులు బయటికి తీసి తుడుచుకుని మళ్లీ మొదలుపెట్టండి.

#13 కెమిస్ట్రీ_లక్ష్మి

కాఫీ సంగతి నిజమే. ఇన్‌స్టంట్ కాఫీ, బట్టల సోడా, విటమిన్ సి కలిపితే డెవలపరు అవుతుంది. చికోరీ కలిసిన పొడి వద్దు, అచ్చమైన ఇన్‌స్టంట్ కాఫీ కావాలి. చౌక రకమే బాగా పనిచేస్తుంది, ఎందుకంటే వాటిలో రోబస్టా గింజలు ఎక్కువ. చాలామంది వంట సోడా వేసి, బొమ్మ రాలేదని బాధపడతారు. వంట సోడాకి అంత క్షారం లేదు, బట్టల సోడానే కావాలి. 400 ఫిల్ముకి అందులో ఫాగ్ ఎక్కువ వస్తుంది, దాన్ని ఆపడానికి పొటాషియం బ్రోమైడు లీటరుకి ఒక గ్రాము వేస్తారు. వాసన ఘోరంగా ఉంటుంది, కిటికీలు తెరిచి చేయండి. నేర్చుకోవడానికి మంచిదే, కానీ మళ్లీ తీయలేని బొమ్మలకి వాడకండి.

#14 డల్లాస్_ఫిల్ము (టెక్సస్)

డెల్టా 3200 గురించి #2లో చెప్పారు కాబట్టి ఒక మాట. దాని పేరులో 3200 ఉంది కానీ అసలు వేగం ఐఎస్‌ఓ 1000. కొడాక్ టీ-మ్యాక్స్ పీ3200 కూడా అంతే, 800 నుంచి 1000 మధ్య. 2012లో ఆపేసి 2018లో మళ్లీ తెచ్చారు. పేరులోని 3200కి అర్థం అక్కడి దాకా నెట్టి కడిగినా తట్టుకునేలా, కాంట్రాస్టు తక్కువగా తయారుచేశారని. కాబట్టి హెచ్‌పీ5ని 1600గా తీయడానికి, డెల్టా 3200ని 1600గా తీయడానికి తేడా ఉంది. రెండో దాంట్లో నీడలు నిజంగానే ఎక్కువ దొరుకుతాయి. ఖరీదు కూడా ఎక్కువే.

నేను ఇండియాకి వచ్చేటప్పుడు రీళ్లు తెస్తుంటాను. విమానాశ్రయాల్లో చేతి సంచులకి కొత్తగా సీటీ స్కానర్లు పెడుతున్నారు, వాటిలో ఒక్కసారి వెళ్లినా ఫిల్ము దెబ్బతింటుందని కొడాక్, ఇల్ఫోర్డ్ రెండూ హెచ్చరించాయి. వేగం ఎక్కువున్న ఫిల్ముకి ముప్పు ఎక్కువ. డబ్బాల్లోంచి తీసి తేటగా కనిపించే జిప్ కవర్లో వేసి, చేత్తో చూడమని అడగండి. అమెరికాలో అడిగితే చేత్తో చూస్తారు. చెకిన్ సామానులో మాత్రం ఎప్పుడూ వేయొద్దు, అక్కడి యంత్రాలు ఇంకా బలమైనవి.

#15 తెనాలి_రీలు

అందరికీ చాలా కృతజ్ఞతలు. రాత్రి నిద్ర పట్టలేదు, మొత్తం మూడుసార్లు చదివాను. నా దగ్గరున్నది ఒకే రీలు. ఆట రోజు దాకా ఆగి నేరుగా దాంట్లోనే అన్నీ పెట్టాలంటే భయంగా ఉంది.

#16 గోదావరి_స్టూడియో

భయపడకు, రీలు మొదట్లోంచి ఒక జానెడు ఖర్చు పెట్టు. ఈ రోజు రాత్రి ఇంట్లో ట్యూబులైటు కింద ఎవరినైనా కూర్చోబెట్టు. అరచెయ్యి కొలిచి 6 ఫ్రేములు తియ్యి. రెండు లెక్క ప్రకారం, రెండు ఒక స్టాప్ ఎక్కువ, రెండు ఒక స్టాప్ తక్కువ. తర్వాత రెండు ఫ్రేములు మూత పెట్టి నొక్కు, అది కత్తిరించే జాగా. సంచిలో కెమెరా వెనక తలుపు తెరిచి, ఆ ముక్కని కత్తెరతో కత్తిరించి ట్యాంకులో వెయ్యి. మిగిలిన ఫిల్ము క్యాసెట్లోనే ఉంటుంది. బయటికి తీశాక దాని మొదలుని నాలుకలా కత్తిరించి మళ్లీ ఎక్కించుకో. నీకు ఇంకా పాతిక ఫ్రేములు మిగులుతాయి. పాతిక చాలు. ఊటీలో తయారైన ఇందు ఫిల్ము వాడే రోజుల్లో ఒక్కో పెళ్లి మొత్తం రెండు రీళ్లలో తీసేవాళ్లం.

ఆ జానెడు ముక్కని లక్ష్మిగారు చెప్పినట్టే కడుగు. 24, 9 నిమిషాల 45 సెకన్లు. మొదటి 10 సెకన్లలో ట్యాంకుని నాలుగుసార్లు తలకిందులు చెయ్యి, తర్వాత ప్రతి నిమిషం మొదట్లో నాలుగుసార్లు. చివర్లో డెవలపరు వంచేటప్పుడు వేడి కొలిచి ఇక్కడ రాయి.

#17 తెనాలి_రీలు

కడిగాను మాస్టారూ. తమ్ముణ్ణి కూర్చోబెట్టాను. తెల్లవారుజామున 4 గంటలకి చేశాను, అప్పటికి ఇంటి నీళ్ల ట్యాంకులో నీళ్లు కాస్త చల్లబడతాయని. టబ్బులో ఐస్ కవర్ పెట్టి 24కి తెచ్చాను. చివర్లో కొలిస్తే 24.5.

అంచు నంబర్లు ఇప్పుడు నల్లగా, గీసినట్టు పదునుగా ఉన్నాయి. పాకలేదు. లెక్క ప్రకారం తీసిన రెండు ఫ్రేముల్లో తమ్ముడి కళ్లు, చెవి పక్కన జుట్టు కూడా వచ్చాయి. ఒక స్టాప్ తక్కువ వాటిలో చొక్కా పోయింది. ఆరు ఫ్రేములూ ఒకే సమంగా ఉన్నాయి, 1/60 పెట్టాను.

ఒక సమస్య. ఆరాక తెల్ల చుక్కలు కనిపిస్తున్నాయి, నీళ్లు ఆరిన మరకల్లా.

#18 కెమిస్ట్రీ_లక్ష్మి

బోరు నీళ్లా? అది సున్నం. కడగడమంతా బోరు నీళ్లతో చేయవచ్చు, ఆఖరి మునక మాత్రం డిస్టిల్డ్ వాటర్‌లో. ఇన్వర్టర్ బ్యాటరీలకి పోసే డిస్టిల్డ్ వాటర్ క్యాన్ దొరుకుతుంది, అది చాలు. కొనేటప్పుడు లేబుల్ చదవండి, బ్యాటరీ యాసిడ్ డబ్బాలు కూడా పక్కనే ఉంటాయి. దాంట్లో ఫోటో-ఫ్లో లాంటి వెటింగ్ ఏజెంట్ (నీళ్లు చుక్కలుగా నిలవకుండా జారిపోయేలా చేసేది) కొన్ని చుక్కలు వేసి, ఒక నిమిషం ముంచి వేలాడదీయండి. వేళ్లతో తుడవొద్దు, తడి జెలటిన్ మన వేసవిలో వెన్నలా ఉంటుంది.

ఇంతకు ముందు రీలులోని చుక్కలు పోవాలంటే మళ్లీ డిస్టిల్డ్ వాటర్‌లో పది నిమిషాలు నానబెట్టి ఆరేయండి, చాలావరకు పోతాయి.

ఫిక్సరు పనిచేస్తోందో లేదో కూడా ముందే చూసుకోండి. కత్తిరించిన నాలుక ముక్కని వెలుతురులోనే ఫిక్సరులో వేసి, ఎన్ని సెకన్లలో తేటపడిందో చూడండి. దానికి రెట్టింపు టైము ఫిక్స్ చేయాలి. తర్వాత నీళ్లు నింపి 5 సార్లు, మార్చి 10 సార్లు, మళ్లీ మార్చి 20 సార్లు తలకిందులు చేస్తే కడగడం పూర్తవుతుంది. కుళాయి అరగంట వదిలేయక్కర్లేదు, మీ నీళ్లన్నీ 24 దగ్గరే ఉంటాయి.

వాడేసిన ఫిక్సరుని మొక్కలకి గానీ కాలువలోకి గానీ పోయకండి, అందులో కరిగిన వెండి ఉంటుంది. ఒక క్యాన్‌లో దాచి మామూలు ఇనుప పీచు వేస్తే వెండి అడుగున నల్లటి మడ్డిలా దిగుతుంది. గిన్నెలు తోమే స్టెయిన్‌లెస్ స్టీలు పీచు దీనికి పనికిరాదు.

#19 గోదావరి_స్టూడియో

మా స్టూడియోకి నెలకోసారి మనుషులు వచ్చి పాత హైపో, అదే వాడేసిన ఫిక్సరు, కొనుక్కుని వెళ్లేవాళ్లు, ఆ వెండి కోసమే.

బాబూ, ఆట రోజుకి ఒక మాట. పద్యం చెప్పేటప్పుడు నటుడు నడుస్తాడు, చెయ్యి విసురుతాడు, అప్పుడు 1/60కి ముఖం కదిలిపోతుంది. పద్యం చివర్లో రాగం ఎత్తుకున్నాక చూడు, మెడ ఎత్తి, చెయ్యి గాల్లో పెట్టి అలా నిలబడిపోతాడు. నీకు నాలుగైదు సెకన్లు దొరుకుతాయి. అప్పుడే నొక్కు. జనం "వన్స్‌మోర్" అంటే మీ పెదనాన్న అదే పద్యం, అదే చోట, అదే చెయ్యితో మళ్లీ పాడతారు. ఫోటోగ్రాఫరుకి అంతకన్నా ఏం కావాలి? మొదటిసారి చూడు, రెండోసారి తియ్యి.

#20 కోఠి_కెమెరా

మాస్టారూ, ఈ మాట నేను ఎక్కడా చదవలేదు. దాచుకుంటున్నాను. తెనాలి అన్నా, నా దగ్గర హెచ్‌పీ5 ఒక రీలు అదనంగా ఉంది, ఈ రోజే కొరియర్ చేస్తాను. అడ్రస్ మెసేజ్ పెట్టు. డబ్బులు వద్దు, ఫోటో చూపించు చాలు.

#21 నిర్వాహకుడు

కాఫీ డెవలపరు ప్రశ్నలు ఇంకా వస్తున్నాయి కాబట్టి వాటికి వేరే చర్చ తెరిచాను. ఇక్కడ ఈ రీలు సంగతే కొనసాగనివ్వండి. అడ్రసులు, ఫోన్ నంబర్లు బహిరంగంగా రాయకండి.

#22 తెనాలి_రీలు

పౌర్ణమి ఆట అయిపోయింది. నిన్న తెల్లవారుజామున కడిగాను, ఇప్పుడు ఆరి చేతిలో ఉంది.

ఆట మొదలుకాక ముందే స్టేజీ ఎక్కి అరచెయ్యి కొలిచాను. మాస్టారి అంచనా తప్పలేదు, 1/60, ఎఫ్/2. రాత్రంతా ఆ రెండూ ముట్టుకోలేదు. అర్ధరాత్రి దాటాక పెదనాన్న పెద్ద పద్యం ఎత్తుకున్నారు. గొంతు మధ్యలో ఒకసారి జీరబోయింది. అయినా జనం వన్స్‌మోర్ అన్నారు. ఆయన ఒక్క క్షణం ఆగి, మంచినీళ్లు తాగి, మళ్లీ మొదటి నుంచీ పాడారు. రెండోసారి రాగంలో నాలుగు ఫ్రేములు తీశాను.

మూడింటిలో ముఖం నిలబడింది. గద పట్టుకున్న చేతి మీద నరాలు కనిపిస్తున్నాయి. జరీ నల్లగానే ఉంది కానీ ఈసారి అందులో గీతలు ఉన్నాయి. వెనక తెర పోయింది, లక్ష్మిగారు చెప్పినట్టే పోనిచ్చాను. హార్మోనియం మాస్టారి వేళ్లు మాత్రం వచ్చాయి, అది అనుకోలేదు.

వేడి వివరం: మొదట 24, చివర 24.5. అంచు నంబర్లు పాకలేదు. డిస్టిల్డ్ వాటర్ వాడాను, చుక్కలు లేవు.

కోఠి తమ్ముడి రీలు ఆట ముందు రోజే అందింది. దాన్ని తెల్లవారుజామున రంగు కడుక్కునేటప్పుడు వాడాను. స్టేజీ వెనక ఒకే ఒక్క బల్బు, అద్దం ముందు పెదనాన్న సగం ముఖానికి రంగు, సగం మామూలు. అక్కడ మీటరు 1/8 చూపించింది, తలుపు చట్రానికి కెమెరా ఆనించి తీశాను. దాన్ని రేపు తెల్లవారుజామున కడుగుతాను.

#23 గోదావరి_స్టూడియో

1/8కి వెలుతురు అదనంగా ఇవ్వాల్సిన పని లేదు, ఎక్కువసేపు తెరిచి ఉంచితే ఫిల్ము మందగించడం ఒక సెకను దాటాకే మొదలవుతుంది. ఇల్ఫోర్డ్ లెక్కలో హెచ్‌పీ5కి మీటరు 10 సెకన్లు చూపిస్తే 20 సెకన్లు ఇవ్వాలి. నువ్వు నిశ్చింతగా అదే టైముకి కడుగు. ఒక్క బల్బు దగ్గర కాంట్రాస్టు ఎక్కువుంటుంది కాబట్టి తలకిందులు చేసేటప్పుడు నెమ్మదిగా చెయ్యి, టైము మాత్రం మార్చకు.

మూడు ఫ్రేముల్లో నీకు బాగా నచ్చినదాని నంబరు చెప్పు. రాజమండ్రిలో నా ఎన్లార్జరు ఇంకా పనిచేస్తుంది, కాగితం ఉంది. నెగెటివ్ పంపిస్తే 10 అంగుళాలు 12 అంగుళాల ప్రింటు వేసి పంపుతాను.

#24 తెనాలి_రీలు

21వ ఫ్రేము మాస్టారూ. నెగెటివ్ పోస్టులో పంపడానికి మనసొప్పడం లేదు. ఆదివారం పెదనాన్నని తీసుకుని నేనే రాజమండ్రి వస్తాను. ప్రింటు తేలేటప్పుడు ఆయన పక్కనే ఉండి చూడాలని ఉంది.

#25 గోదావరి_స్టూడియో

రండి. ఉదయం పది లోపు వచ్చేయండి, తర్వాత గది వేడెక్కుతుంది.